అరవైనాలుగు దగ్గర ఆగిన గీత

కళ్ళజోళ్ళ షాపు, వెనక గది
జూన్ 3

పైన ఏమని రాయాలో తేలక ఈ కాగితం ముందు అరగంట కూర్చున్నాను. "బావా" అని రాస్తే కోర్టువాళ్ళు ఒప్పుకోరేమో. "అయ్యా" అని రాస్తే నువ్వు చించి అవతల పారేస్తావు. అందుకని ఖాళీగా వదిలేశాను. నీకు తోచింది అనుకుని చదువుకో.

నువ్వు ఫోన్ నంబరు మార్చేశావు. మూడేళ్ళుగా ఎక్కడున్నావో ఎవరికీ తెలీదు. మొన్న మీ పాత ఆఫీసాయన ఒకరు జోడు మార్పించుకోవడానికి మా షాపుకొచ్చాడు. ఆయన ఫ్రేములో అద్దాలు బిగిస్తూ నీ అడ్రసు లాగాను. అడ్రసు చెప్పేదాకా జోడు ఇవ్వలేదులే. జోడు లేకపోతే గుమ్మం కూడా కనపడని మనిషి, పాపం ఏం చేస్తాడు!

సంగతేమిటంటే, నా వస్తువొకటి నీ దగ్గరుంది. మొదటి జీతంతో నేను కొనుక్కున్న గేమ్ డబ్బా, చేతిలో పట్టుకుని పాత ఆటలు ఆడేది. నువ్వు ఇల్లు వదిలి వెళ్ళినప్పుడు నీ సంచీలో అదీ వెళ్ళిపోయింది. తిరిగి ఇమ్మని అడగడానికి రాయడం లేదు. నేను అలాంటిదే ఇంకోటి, ఎవరో వాడినది, సంపాదించాను.

నా ఆలోచన చెబుతాను, నవ్వకు. కంపెనీవాడు లోపల పెట్టిన సాఫ్ట్‌వేర్‌లో మనం సేవ్ చేసిన ఆటంతా డబ్బాలోనే ఉండిపోతుంది, బయటికి రాదు. దాన్ని తీసేసి, ఆటల పిచ్చివాళ్ళు సొంతంగా రాసుకున్నది ఎక్కించవచ్చు. కస్టమ్ ఫర్మ్‌వేర్ అంటారు. అప్పుడు ఆట మెమరీ కార్డులో సేవ్ అవుతుంది. నువ్వొక ఘట్టం ఆడి, గోరంత కార్డు కవర్లో పెట్టి నాకు పంపు. నేను తర్వాతి ఘట్టం ఆడి నీకు పంపుతాను. ఇదివరకు ఆదివారాలు ఒకరి చేతిలోంచి ఒకరం లాక్కుని ఆడేవాళ్ళం కదా, ఇప్పుడు పోస్టులో లాక్కుందాం.

విడిపోయింది నువ్వూ అక్కా. నన్నెవరూ అడగలేదు. నాకు పదిహేడేళ్ళప్పటి నుంచి నీకు తెలిసినవాణ్ణి, నేనేమైపోవాలో ఏ కాగితంలోనూ రాయలేదు. నువ్వు నాకు కావాలి. ఉన్న మాట రాసేశాను.

(సంతకం ఏమని పెట్టాలో అదీ తెలియదు)


ఆసుపత్రి లిఫ్టుల గది
జూన్ 15

ఉత్తరం అందింది.

వస్తువు నీదే. తీసుకొచ్చినందుకు క్షమించు. సరిపడే అట్టపెట్టె కోసం చూస్తున్నాను, దొరకగానే పంపుతాను. ఇక రాయొద్దు. మీ అక్కకు తెలిస్తే నొచ్చుకుంటుంది. నొప్పించడం ఒకసారితో సరిపోయింది.

నువ్వు బాగుండు.

ఉత్తరం ముగించాక గుర్తొచ్చి రాస్తున్నాను. ఎడమవైపు బటన్ ఒకసారి నొక్కితే రెండుసార్లు నొక్కినట్టవుతోంది. నీ దగ్గరున్నప్పుడే అలా ఉండేదా, నా చేతిలో పాడైందా?


కళ్ళజోళ్ళ షాపు
జూన్ 22

బావా,

బటన్ సంగతి అడిగావంటే దాన్ని ఆడుతున్నావన్నమాట. ఆడేవాడివి అట్టపెట్టె ఎందుకు వెతుకుతున్నావు? ఆసుపత్రిలో అట్టపెట్టెలు దొరకవని ఎవరికి చెబుతావు, రోజూ మందులు వాటిలోనే కదా వచ్చేది!

పైన బావా అని రాసేశాను. కోర్టువాళ్ళొచ్చి కొట్టేస్తే కొట్టేయనీ.

బటన్ నేనే పాడుచేశాను. కంగారు పడకు. ఈ కవర్లో కార్డు పెట్టాను, ఫర్మ్‌వేర్ అందులో ఎక్కించే ఉంది. నువ్వు చెయ్యాల్సింది ఇంతే. చార్జింగ్ నిండా పెట్టు. డబ్బా ఆపి, కార్డు పెట్టి, కింది బటన్, పవర్ బటన్ రెండూ కలిపి నొక్కిపట్టు. తెర మీద ఒక గీత వచ్చి ఒకటి నుంచి నూరు దాకా నడుస్తుంది. నూరయ్యాక తనంతట తనే ఆగి వెలుగుతుంది. అప్పటిదాకా ముట్టుకోకు.

ఒక్కటే బాధ. లోపలున్న పాత ఆట చెరిగిపోతుంది. దాన్ని బయటికి తీసే దారి లేదు, నేను అన్నివిధాలా చూశాను. బావ, బామ్మర్ది, అక్క అని మనం పేర్లు పెట్టుకున్న ముగ్గురూ పోతారు. ఆలోచించుకుని చెయ్యి. వద్దనుకుంటే వద్దు, ఊరికే ఉత్తరాలైనా రాసుకుందాం.

నీ ఫోన్ నంబరు కూడా రాయి.

నీ బామ్మర్ది


ఆసుపత్రి లిఫ్టుల గది
జూలై 14

బామ్మర్దీ,

ఇన్నాళ్ళు రాయనందుకు ఏమనుకోకు. కార్డు వచ్చిన రోజు నుంచి మీనమేషాలు లెక్కపెడుతూ కూర్చున్నాను.

ఫోన్ నంబరు ఇవ్వను. ఇస్తే రోజంతా మోగుతుందేమోనని చూస్తుంటాను. ఉత్తరమైతే పోస్టు వచ్చే వేళకు ఒక్కసారి చూస్తే చాలు, మిగతా రోజంతా పని చేసుకోవచ్చు.

ఇక్కడ ఆరు లిఫ్టులు. నాలుగు మనుషులవి, ఒకటి మంచాలది, ఒకటి మురికి బట్టలది. నా గది అన్నిటికంటే పైన, మోటార్ల పక్కన. అన్ని అంతస్తులవాళ్ళూ నా తాళ్ళ మీదే ఎక్కి దిగుతారు గానీ పైదాకా ఎవరూ రారు. వాళ్ళకు నా అవసరం లిఫ్టు ఆగినప్పుడే. మొన్న మధ్యలో ఇరుక్కున్న ఒక పెద్దావిడ బయటికొచ్చి నా చెయ్యి పట్టుకుని వదల్లేదు. ఆవిడ కూతురు వచ్చి విడదీసింది. మనిషి చెయ్యి తగిలి ఎన్నాళ్ళయిందో అనిపించింది ఆ రోజంతా.

అద్దె గది ఆసుపత్రి వెనక సందులో. మంచం, స్టవ్, గోడకు కొట్టిన మేకు. కిటికీ తెరిస్తే బట్టలుతికే యంత్రాల ఆవిరి లోపలికొస్తుంది. తువ్వాలు ఎప్పటికీ ఆరదు.

ఇక అసలు సంగతి. సెలవు రోజు మధ్యాహ్నం ధైర్యం చేశాను. చెరపబోయే ముందు ఆ ముగ్గుర్నీ అడవిలోంచి వెనక్కి నడిపించి, ఊళ్ళో సత్రం దాకా తెచ్చాను. అక్కడ పడుకోబెట్టి సేవ్ చేశాను. చెరిపేసేదాన్ని సేవ్ చెయ్యడమేమిటో, నాకే నవ్వొచ్చింది. నవ్వొచ్చాక ఇంకోటి కూడా వచ్చిందనుకో.

తర్వాత నువ్వు చెప్పినట్టే చేశాను. గీత నడిచింది. అరవైనాలుగు దగ్గర ఆగింది. పదినిమిషాలు చూశాను, కదల్లేదు. నా చెయ్యి ఊరుకోలేదు. వెనక మూత తీసి బ్యాటరీ లాగేశాను. పది లెక్కపెట్టి మళ్ళీ పెట్టాను.

ఇప్పుడు తెర నల్లగా ఉంది. ఏది నొక్కినా ఉలుకూ పలుకూ లేదు. నీ వస్తువు నాశనం చేశాను. పాతదీ పోయింది, కొత్తదీ రాలేదు. నా సంగతి ఎప్పుడూ ఇంతే.

బావ


కళ్ళజోళ్ళ షాపు
జూలై 21

బావా,

ముట్టుకోవద్దని రాస్తే బ్యాటరీ పీకే మనిషిని నిన్నే చూశాను! అరవైనాలుగు దగ్గర అందరికీ ఆగుతుంది. అక్కడ పెద్ద ఫైలు ఉంటుంది, పావుగంట పడుతుంది. అది నేను రాయాల్సింది, రాయలేదు. తప్పు సగం నాది.

డబ్బా చావలేదు. లోపలి తెలివి పోయిందే గానీ ప్రాణం ఉంది. ఇంకో కార్డు పంపుతున్నాను. ఇలా మధ్యలో పడిపోయినవాటిని లేపడానికే వేరే ఫైలు ఉంటుంది. ఈసారి కార్డు పెట్టి, పై బటన్, పవర్ బటన్ పట్టుకుని ఇరవై లెక్కపెట్టు. పది కాదు, ఇరవై. గీత వచ్చాక డబ్బా మంచం మీద పెట్టి గదికి తాళం వేసి, వీధి చివరిదాకా నడిచి రా. నువ్వు ఎదురుగా ఉంటే నీ చెయ్యి ఊరుకోదు.

నువ్వు రాసింది మూడుసార్లు చదివాను. ఆ పెద్దావిడ దగ్గర చదవడం ఆపేసి బయటికెళ్ళి నిలబడ్డాను. మా ఓనరు ఏమైందన్నాడు. అద్దం పొడి కంట్లో పడిందన్నాను. అద్దాలు అరగదీసేవాళ్ళకు ఈ సౌకర్యం ఒకటుంది.

నీకు ఇంకో సంగతి చెప్పాలి. ముందు డబ్బా లేవనీ, తర్వాత రాస్తాను.

నీ బామ్మర్ది


ఆసుపత్రి లిఫ్టుల గది
ఆగస్టు 2

బామ్మర్దీ,

లేచింది! వీధి చివరిదాకా వెళ్ళి, అక్కడ మెకానిక్ షెడ్డు ముందు కాసేపు నిలబడి, వద్దనుకుంటూనే పరిగెత్తుకొచ్చాను. తలుపు తీసేసరికి మంచం మీద రంగులు. యాభై ఏళ్ళకు దగ్గర పడుతున్నవాణ్ణి, చప్పట్లు కొట్టాను. పక్క గదిలో నర్సు గోడ మీద కొట్టింది, ఏమైందని. ఇన్నేళ్ళలో ఆమె నాతో మాట్లాడింది అదే మొదలు.

కొత్త ఆట మొదలుపెట్టి మొదటి ఘట్టం ఆడాను. కార్డు ఇందులోనే ఉంది. ముగ్గురి పేర్లు పెట్టందే కదలనంది. బావ, బామ్మర్ది అని పెట్టి, మూడోవాడికి ఏం తోచక లిఫ్టు అని పెట్టాను. వాడు బాగానే కొడుతున్నాడు.

బ్యాటరీ ఎందుకు పీకానో చెప్పాలి. మా పాత ఆఫీసులో నాకు పని నేర్పిన మేస్త్రీ నీకు గుర్తుండే ఉంటాడు, లావుపాటాయన, మన ఇంటికి రెండుసార్లు వచ్చాడు. ఆయన ఊరికెళ్ళాడని మీకు చెప్పాను. ఊరికెళ్ళలేదు. లిఫ్టు మధ్యలో ఆగితే పైకెక్కి చూస్తున్నాడు. మెయిన్ స్విచ్ తియ్యమని కేకేశాడు. నేను తీశాను గానీ, ముందు ఇదేనా అని ఒకసారి బోర్డు వైపు చూసి తీశాను. ఆ చూసినంతసేపట్లో అది కదిలింది. ఆయన నా కళ్ళ ముందే లిఫ్టు గోతిలో పడి చనిపోయాడు. విచారణలో నా తప్పేం లేదన్నారు. అప్పటి నుంచి ఏది ఆగినా నా చెయ్యి ముందు మెయిన్ మీదకే పోతుంది. ఆలోచన తర్వాత.

మీ అక్కకు చెప్పలేకపోయాను. ఆవిడ అడిగినకొద్దీ ఇంకో ఘట్టం మొదలుపెట్టేవాణ్ణి. నీ డబ్బా పట్టుకుని కూర్చునేవాణ్ణి.

ఇంకోటి కూడా ఒప్పుకుంటాను. డబ్బా మరిచిపోయి తీసుకురాలేదు. నీదని తెలిసే సంచీలో పెట్టుకున్నాను. నీ వస్తువు నా దగ్గరుంటే దానికోసమైనా నువ్వొస్తావనుకున్నాను. మూడేళ్ళు ఎవరూ రాలేదు. నీ ఉత్తరం వచ్చినప్పుడు కవరు మీద చేతిరాత చూసి, చింపకుండా రెండు రోజులు జేబులోనే పెట్టుకు తిరిగాను.

ఏదో సంగతన్నావు. మీ అక్క ఆరోగ్యం బాగానే ఉందా? వెంటనే రాయి.

బావ


కళ్ళజోళ్ళ షాపు
ఆగస్టు 11

బావా,

అక్క బాగుంది. ఎంత బాగుందంటే అదే చెప్పలేక నాలుగు ఉత్తరాల నుంచి నీళ్ళు నములుతున్నాను.

అక్క మళ్ళీ పెళ్ళి చేసుకుంటోంది. లైబ్రరీలో తనతో పనిచేసే ఆయన, చిరిగిన పుస్తకాలకు బైండింగ్ చేస్తాడు. మెతక మనిషి. మాట్లాడే ముందు గొంతు సవరించుకుని, సవరించుకున్నాక మాట్లాడడు. వచ్చే నెల ఇరవైన రిజిస్ట్రార్ ఆఫీసులో సంతకాలు. నీకు మొదటి ఉత్తరం రాసిన నాటికే ఖాయమైంది. ఆయన మా ఇంటికి వచ్చి వెళ్ళిన రోజే నేను కూర్చుని నీకు రాశాను. ఆయన్ని బావా అని పిలవాల్సొస్తుంది, దానికి ముందే నిన్ను ఒకసారి పిలిచెయ్యాలనిపించింది.

ఇంకో మాట. ఆ డబ్బాను మన ఇంటికి తెచ్చింది నేను. "నా మొగుణ్ణి ఆ డబ్బాకిచ్చి కట్టబెట్టావురా" అని అక్క ఒకసారి నవ్వుతూ అంది, తర్వాత ఏడుస్తూ అంది. నేను తేకపోతే మీరు విడిపోయేవాళ్ళు కాదని మూడేళ్ళుగా నా కడుపులో ఉంది. అందుకే నిన్ను వెతకడానికి ఇంతకాలం పట్టింది. మొహం చెల్లలేదు.

మేస్త్రీ సంగతి చదివాను. అక్కకు చెప్పనా? నువ్వు చెప్పమంటే ఈరోజే చెబుతాను. చెబితే ఏమవుతుందో నాకు తెలియదు.

కార్డు పంపుతున్నాను, రెండో ఘట్టం అయిపోయింది. లిఫ్టు ఒకసారి చచ్చాడు గానీ బతికించాను. ఇక నువ్వాడు.

నీ బామ్మర్ది


కళ్ళజోళ్ళ షాపు
సెప్టెంబర్ 9

బావా,

నెల కావస్తోంది. కార్డు అందిందా? అందితే ఊరికే "అందింది" అని ఒక్క ముక్క రాయి. ఆడకపోయినా ఫర్వాలేదు. తిట్టినా ఫర్వాలేదు.

నువ్వు రాయకపోతే నేనేం అనుకోవాలో తెలియడం లేదు. మేస్త్రీ సంగతి అక్కకు చెప్పలేదు.

నీ బామ్మర్ది


ఆసుపత్రి లిఫ్టుల గది
సెప్టెంబర్ 13

బామ్మర్దీ,

ఈ ఉత్తరంతో పాటు పార్శిల్ వస్తుంది. అట్టపెట్టె దొరికింది. నువ్వన్నట్టు ఇక్కడ బోలెడున్నాయి.

నెల రోజులూ నీ ఉత్తరం మోటార్ల గదిలో పెట్టుకుని పనిచేశాను. మొదటి వారం కోపం వచ్చింది, ఎవరి మీదో తేల్చుకోలేకపోయాను. తర్వాత ఏడుపొచ్చింది. తర్వాత మంచాల లిఫ్టు తాడు మార్చాల్సొచ్చి నాలుగు రోజులు ఏమీ గుర్తు రాలేదు. అది అయ్యాక కూర్చుని ఆలోచిస్తే, మీ అక్క ఒక్కతే ఉండదు కదా అనిపించింది. ఆ మాట అనిపించినందుకు నాకు నేనే కొంచెం నచ్చాను.

డబ్బా తప్పేం లేదు. అది నీ మనసులోంచి తీసెయ్యి. అది లేకపోతే గోడకేసి చూస్తూ కూర్చునేవాణ్ణి. దాక్కోవాలనుకున్నవాడికి ఏదో ఒకటి దొరుకుతుంది, నాకు దొరికింది నువ్వు కొన్నది, అంతే. మేస్త్రీ సంగతి మీ అక్కకు ఎప్పటికీ చెప్పకు. అప్పుడు చెబితే ఇద్దరం మోసేవాళ్ళం. ఇప్పుడు చెబితే ఆవిడ ఒక్కతే మొయ్యాలి.

డబ్బా నిండా చార్జింగ్ పెట్టాను. ఎడమ బటన్ విప్పి సరిచేశాను, ఇప్పుడు ఒకసారి నొక్కితే ఒకసారే. దీన్ని ఆ బైండింగాయనకు ఇవ్వు. కొత్తగా ఒక ఇంట్లోకి వచ్చిన మనిషికి మొదట్లో ఆదివారాలు చేతులెక్కడ పెట్టుకోవాలో తెలియదు. నాకు తెలుసు, అదే ఇంట్లో అలా కూర్చున్నవాణ్ణి. నువ్వు పక్కన కూర్చుని నేర్పించు. మెతక మనిషైతే త్వరగానే నేర్చుకుంటాడు.

ఒక్క మాట మాత్రం ఆయనకు చెప్పు. మీ అక్క వచ్చి గుమ్మం దగ్గర నిలబడుతుంది. ఏమీ అడగదు, తలుపు చెక్కను గోటితో గీకుతూ ఊరికే నిలబడుతుంది. అప్పుడు ఆట ఎక్కడున్నా సరే, ఆపేసి లేవమని చెప్పు. "ఈ ఘట్టం అయిపోనీ" అనొద్దని చెప్పు. నేను రెండేళ్ళు అలాగే అన్నాను. ఒక రోజు తలెత్తి చూస్తే ఆవిడ లేదు.

ఇంట్లో ఇద్దరు బావలుంటే నీకు ఇబ్బంది. ఇక రాయకు. ఈసారి నిజంగానే అంటున్నాను. నువ్వు రాసిన ఉత్తరాలు నా దగ్గర ఉన్నాయి, అవి చాలు.

నువ్వు చల్లగా ఉండు.

బావ


కళ్ళజోళ్ళ షాపు
సెప్టెంబర్ 24

బావా,

పార్శిల్ అందింది. సంతకాలు కూడా అయిపోయాయి. అక్క బాగుంది.

నిన్న అక్క బజారుకెళ్ళినప్పుడు ఆయనకు డబ్బా ఇచ్చి, నువ్వు చెప్పమన్న మాట పొల్లుపోకుండా చెప్పాను. ఎవరు పంపారో కూడా చెప్పాను, అబద్ధం ఆడబుద్ధి కాలేదు. ఆయన డబ్బా రెండు చేతులా పట్టుకుని తిప్పి చూశాడు. గొంతు సవరించుకున్నాడు. మామూలుగా ఇక మాట్లాడడనుకున్నాను. "మరి అక్కడ ఆయన దగ్గర ఎవరున్నారు?" అన్నాడు.

మూడు నెలలుగా కార్డులు పంపుతున్నానే గానీ, బస్సెక్కితే ఐదు గంటల దూరమని లెక్క చూసుకున్నది నిన్ననే. నువ్వు మూడేళ్ళు ఎదురు చూసింది ఉత్తరం కోసం కాదని, నువ్వు అంత తెలుగులో రాసినా నా మట్టిబుర్రకు ఎక్కలేదు.

ఈ ఆదివారం పొద్దున బస్సుకు వస్తున్నాను. ఆసుపత్రి వెనక సందు, బట్టలుతికే యంత్రాల ఎదురు కిటికీ, కనుక్కోగలను. నువ్వు రావద్దని రాసే లోపు నేనే వచ్చేస్తాను, అందుకే ఈ కవరు శుక్రవారం అందేలా వేస్తున్నాను.

ఆటలేవీ తేను. కార్డు కూడా తేను. ఏం మాట్లాడుకోవాలో తెలియకపోతే ఊరికే కూర్చుందాం. మేస్త్రీ గురించి చెప్పాలనిపిస్తే చెప్పు, సాయంత్రం బస్సు దాకా వింటాను.

తలుపు తియ్యి, చాలు.

నీ బామ్మర్ది